వంశచరిత్రయు సత్యమును

తన తాతముత్తాతల వృత్తాంతమును తెలిసికొనగోరి పాత పుస్తకములను, దస్తావేజులను తిరుగవేయువాడు తనకు గర్వకారణమైన సంగతి దొరకినపుడు దానిని అచ్చువేయించి, లజ్జాకరమైన సంగతి దొరకినపుడు పుటను మూసివేయవచ్చునా? ఈ ప్రశ్న తొలిచూపునకు స్వల్పముగా కనబడును. వంశము వానిది; గ్రంథము వాని సొమ్ముతో అచ్చగునది; చదువువారును వాని చుట్టములే. ఇతరులకు దీనితో పనియేమి? మాకును మొదట అట్లే తోచినది. కాని అమెరికాలోని స్కాచ్-ఐరిష్ కుటుంబములవారు తమ పూర్వులను వెదకికొనిన విధమును, అందుకు సాధనములైన గ్రంథములను, పత్రములను కొంత పరిశీలించిన పిమ్మట మా యభిప్రాయము మారినది. ఆ మార్పునకు గల కారణములను పాఠకుల యెదుట పెట్టుచున్నాము.

ముందుగా వీరెవరో చెప్పవలెను. వీరు స్కాట్లండునుండి ఐర్లండునకును, ఐర్లండునుండి అమెరికాకును, రెండుమారులు వలసపోయినవారు. 1606లో హామిల్టన్, మాంట్‌గోమరీ అను ఇరువురు స్కాటులు ఐర్లండు ఈశాన్యమందలి ఆంట్రిమ్, డౌన్ కౌంటీలలో తమ దేశస్థులను కుదుర్చుట కారంభించిరి. 1607లో అల్‌స్టర్ సీమలోని ఐరిషు నాయకులు దేశము విడిచిపోగా, మొదటి జేమ్సు రాజు వారి భూములను స్వాధీనపరచుకొని, 1609 మొదలు అచ్చట ఇంగ్లీషువారిని, స్కాటులను స్థాపింపజూచెను. ఒకరి భూమిమీద మఱియొకరు కాపురము పెట్టుటతో ఈ కథ మొదలైనదన్న సంగతిని పాఠకులు జ్ఞాపకముంచుకొనవలెను.

ఈ స్కాటులు ప్రెస్బిటీరియను మతస్థులు. ఐర్లండులో రాజాదరణము పొందిన మతశాఖ వేఱు. తమది కాని ఆ శాఖకు వీరు పంటలో పదియవ వంతు చెల్లింపవలసియుండెను. 1704 నాటి శాసనము, ఆ శాఖ పద్ధతిని సంస్కారము స్వీకరింపనివారికి సర్కారు కొలువులు లేకుండ జేసెను. వీరి పాదిరులు జరపిన వివాహములు చట్టము దృష్టిలో సందిగ్ధములయ్యెను. కౌలు గడువు తీరినపుడెల్ల భూస్వాములు కౌలు హెచ్చించుచుండిరి; పంటలు పోయిన యేండ్లును, నారబట్టల బేరము పడిపోయిన యేండ్లును తోడయ్యెను. 1718లో కొందఱు మసాచుసెట్సు గవర్నరైన షూటునకు ఒక అర్జీ పంపిరి. విలియం బాయిడ్ అను పాదిరి దానిని తీసికొనిపోయెను. దానిమీద 319 మంది చేవ్రాళ్లు కలవు. వ్రాయనేరక గుర్తుపెట్టినవారు బహుకొద్దిమంది. ఆ కాలమున ఒక పల్లెటూరి ప్రజలలో అంతమంది తమ పేరు తాము వ్రాయగలిగిరనుట మాకు ముచ్చటగా తోచును. ఆ యేడే అయిదు ఓడలు బాస్టను చేరెను. తరువాత వచ్చినవారిలో ఎక్కువమంది ఫిలడెల్ఫియా రేవున దిగి, పెన్సిల్వేనియా సరిహద్దులకును, అచ్చటినుండి బండ్లబాట వెంబడి వర్జీనియాలోని షెనండోవా లోయకును, కెరొలైనాలకును దిగిపోయిరి. 1775 నాటికి వచ్చినవారు లక్షకు మించియుందురు.

ఈ జాతికి ఆ పేరు స్థిరపడుటలోనే ఒక నీతిప్రశ్న ఇమిడియున్నది. మొదటి వలసకాండ్రలో పలువురు తమను ఐరిషువారమనియే చెప్పుకొనిరి. కోర్టు పుస్తకములలో ఐర్లండునుండి వచ్చితిమనియే ప్రమాణము చేసిరి. 1840లకు తరువాత బంగాళాదుంపల కఱవుచే కాథలికులైన ఐరిషు బీదలు వేలకు వేలుగా అమెరికా తీరమున దిగినపుడు, ముందు వచ్చినవారి మనుమలకు ఆ పొత్తు రుచింపలేదు. ‘మేము వారము కాము, స్కాచ్-ఐరిష్’ అని చెప్పుకొనుట అప్పుడు ప్రబలినది. స్కాట్లండువారికి ‘స్కాచ్’ అను మాట మనుష్యులకంటె సారాయికే తగునని అభిప్రాయము. కాని అమెరికావారు దానిని విడువలేదు. ఆకలితో వచ్చిన తాత పేరును, అదే ఆకలితో వచ్చిన పొరుగువానిని దూరముంచుటకు గోడగా వాడుకొనుట ఆ తాతకు చేసిన గౌరవమని మేమనుకొనజాలము.

1889లో టెనెసీ రాష్ట్రములోని కొలంబియాయందు అమెరికా స్కాచ్-ఐరిష్ సంఘపు మొదటి మహాసభ జరిగెను. 1902లో చార్లెస్ హానా అనునతడు రెండు సంపుటముల గ్రంథమును ప్రకటించెను. 1912లో లైమన్ చాక్లీ వర్జీనియాలోని అగస్టా కౌంటీ కోర్టు పుస్తకములనుండి మూడు సంపుటముల సంగ్రహమును వెలువరించెను. ఇవి కష్టపడి చేసిన పనులు. వీనివలన ఎన్ని కుటుంబములకు దారి దొరకినదో లెక్కింపలేము. కాని ఈ గ్రంథములకు ప్రక్కనే మఱియొక వ్యాపారము పెరిగెను. ధనికులైన అమెరికావారికి రాజవంశములతో చుట్టఱికము కలిపి వంశవృక్షములు అల్లి యమ్మినవారు బయలుదేరిరి. వారిలో గుస్టావ్ ఆంజూ ప్రసిద్ధుడు. ఈతడు స్వీడను దేశస్థుడు. ఆ పేరే స్వంతము కాదు. ఈతడు కల్పించిన పత్రములను, మరణశాసనములను నమ్మి గ్రంథములు వ్రాసినవారు నేటికిని తప్పులు దిద్దికొనుచున్నారు. కొనువాడు లేనిదే అమ్మువాడుండడు. ఆంజూను నిందించుట సులభము. నేతగాడో, కౌలుకాపో అయిన నిజమైన తాతను త్రోసిపుచ్చి, లేని ప్రభువును తాతగా కొనుక్కొనిన మనుమని నేమనవలెను? వాడు తన పూర్వునకు చేసిన అపచారము, ఊరివారెవ్వరును చేయజాలనిది.

అయినను ఇట్టివారికి ఆశ కలుగుటకు తగిన చీకటి ఆ చరిత్రలో ఉన్నది. 1922 జూన్ 30వ తేదీన, అంతర్యుద్ధ సమయమున, డబ్లినులోని ఫోర్ కోర్ట్సు ప్రాంగణమందలి ఐర్లండు దస్తావేజుల భాండారము మంటలపాలయ్యెను. 1821 మొదలు 1851 వఱకు జరిగిన జనాభా లెక్కలలో అత్యధిక భాగమును, రాజశాఖకు చెందిన దేవాలయముల రిజిస్టరులలో సగమునకు మించినవియు, అనేక శతాబ్దుల మరణశాసనములును ఆ యొక్కదినమున కాలిపోయెను. 1861, 1871 లెక్కల కాగితములను సర్కారువారే అంతకు ముందు నాశనము చేయించిరి. 1881, 1891 లెక్కలు మొదటి మహాయుద్ధకాలమున కాగితపు గుజ్జయ్యెను. యుద్ధము కాల్చినదానికి లోకము విలపించినది. గుమాస్తా కలము కాల్చినదానికి ఎవ్వరును విలపింపలేదు.

మిగిలినదేమి? ప్రెస్బిటీరియను రిజిస్టరులను ఆ భాండారమునకు పంపవలెనను నిర్బంధము లేనందున అవి ఆయా దేవాలయములలోనే మిగిలెను. కాని వానిలో పెక్కులు పందొమ్మిదవ శతాబ్దమున గాని మొదలుకావు. 1630 ప్రాంతపు ఆయుధధారుల పట్టీలు, 1660ల పొయ్యిపన్ను పట్టీలు కొన్ని ప్రతులలో మిగిలినవి. ఇంట నెన్ని పొయ్యిలున్న అన్ని పన్నులన్నమాట. 1796లో అవిసెపంట వేసినవారికి ప్రోత్సాహముగా, ఎకరమునకు నాలుగు రాట్నములును, అయిదెకరములకు ఒక మగ్గమును బహుమానముగా నిచ్చిరి. ఆ పట్టీలో ఇంచుమించు అఱువదివేల పేళ్లు కలవు. సర్ విలియం బేతం అనునతడు 1800కు ముందటి మరణశాసనములనుండి వంశావళులు ఎత్తివ్రాసికొని యుండెను. అసలు కాలిపోయి, ఆతని నోటుపుస్తకములు మిగిలెను. కాలిన భాండారమున ఏమేమి యుండెనో తెలియుట, హెర్బర్ట్ వుడ్ 1919లో, అనగా మూడేండ్లు ముందుగా, అచ్చువేసిన సూచిక వలననే. దాని సాయముతో, ఇతర స్థలములలో దొరకిన ప్రతులను కూర్చి, 2022లో ఆ భాండారమును కంప్యూటరులో పునర్నిర్మించి ప్రజలకు తెఱచిరి. అందు దొరకనిది దొరకలేదనియే చెప్పుట సజ్జనులు చేయు పని. అల్‌స్టరులోని ఫలానా ఊరివాడని తెలియనపుడు ‘అల్‌స్టరువాడు’ అని ఆగుటకు కొంత మనోబలము కావలెను. పదేండ్లు వెదకినవానికి ఆ ఖాళీ ఎంత బాధయో మేమెఱుగుదుము; అయినను ఆ ఖాళీకూడ చరిత్రలో ఒక భాగమే.

సముద్రము కీవల సంగతి వేఱు. 1819 నాటి చట్టము ననుసరించి 1820 మొదలుగా గాని అమెరికా రేవులలో ఓడ ప్రయాణికుల పట్టీలు క్రమముగా దాఖలు కాలేదు. కాబట్టి పదునెనిమిదవ శతాబ్దపు వలసకాడు ఏ యోడనెక్కెనో తెలియుట అరుదు. అతడు పత్రములలో మొదటిసారి కనబడునది తఱచు కోర్టులోనే. వర్జీనియాలో, స్వంత ఖర్చుతో వచ్చినవారికి తలకు 50 ఎకరముల చొప్పున భూమి పొందు హక్కుండెను. అందుకై 1740 ప్రాంతమున ఆరెంజ్ కౌంటీ కోర్టులో పలువురు నిలిచి, తాము తమ భార్యాబిడ్డలను ఐర్లండునుండి ఫిలడెల్ఫియా మీదుగా తెచ్చుకొంటిమని ప్రమాణము చేసిరి. ఆ గుమాస్తా పిల్లల పేళ్లతోకూడ వ్రాసికొనెను. ఆతనికి అది పది నిమిషముల పని; రెండువందల యెనుబదియేండ్ల తరువాత ఆ పంక్తిని చూచి కన్నీరు పెట్టుకొనువారు పుట్టుదురని ఆతడు తలచియుండడు.

ఇచ్చట స్త్రీల విషయము చెప్పక మానజాలము. తండ్రి పేరు, కుమారుని పేరు, మనుమని పేరు వరుసగా దొరకును. తల్లి పేరు దొరకదు. మరణశాసనములో ‘నా ప్రియభార్య’ అని యుండును, పుట్టింటి పేరుండదు. 1850 వఱకు అమెరికా జనాభా లెక్కలలో గృహయజమానుని పేరు మాత్రమే వ్రాసి, తక్కినవారిని అంకెలుగా వేసిరి. అయితే ఒక్కచోట ఆమె కనబడును. భర్త భూమి విక్రయించునపుడు, దానిపై భార్యకుగల హక్కును ఆమె ఇష్టపూర్వకముగా వదలుకొనుచున్నదా లేదా యని, భర్త లేనిచోట ఆమెను వేఱుగా ప్రశ్నింపవలెనని వర్జీనియా చట్టము విధించెను. ఆ విచారణ పుస్తకములో ఆమె పేరు, క్రింద ఆమె పెట్టిన గుర్తు కనబడును. ఆ ప్రశ్నకు ఎందఱు నిజముగా కాదనగలిగిరో వేఱు సంగతి. అయినను ఇంతమంది తల్లుల పేళ్లు నేడు మిగిలియున్నవన్న, ఒక శాసనకర్త వారిని ఒక్కమాట అడుగవలెనని తలచుటవలననే. పది తరములు వెనుకకు పోయిన ప్రతివానికిని ఆ యొక్క తరములోనే 1024 స్థానములు కలవు. అందు ఇంటిపేరు మోయుచు వచ్చినవాడొక్కడు. ఆ యొక్కనిని పట్టుకొని ‘మా వంశము’ అనుట, సగము మంది తల్లులను లెక్కలోనుండి తీసివేయుట కాదా?

ఇక మొదటి ప్రశ్నకు వత్తము. షెనండోవా లోయలోనో, కెరొలైనా మెట్టలలోనో స్థిరపడిన కాపు కొంత కలిగినవాడయ్యెననుకొందము. వాని మరణశాసనము దొరకినది. పెద్దకుమారునకు భూమి, చిన్నవానికి గుఱ్ఱము, భార్యకు మంచము, పడక, ఒక ఆవు. తరువాతి పంక్తిలో కుమార్తెకు ఒక నీగ్రో బాలిక, దానికి కలుగబోవు సంతానముతో కూడ. ఇట్టి పంక్తులు ఆ పుస్తకములలో అపురూపములు కావు. అందఱును బానిసలను కలిగియుండిరని చెప్పుట అన్యాయము. సరిహద్దు కాపులలో పలువురు తమ చేతులతోనే అడవి కొట్టుకొనిరి. కాని కొంత భూమి చేరినపుడు బానిసను కొనుట సాధారణమైనది. 1765లో ఐర్లండునుండి వచ్చిన దంపతులకు పుట్టిన ఆండ్రూ జాక్సన్ దేశాధ్యక్షుడైనపుడు వంశచరిత్రకారులందఱును పొంగిపోయిరి. ఆతని తోటలో నూఱుమందికి పైగా బానిసలుండిరనుటయు, 1830లో ఇండియను జాతులను తూర్పుదేశమునుండి తఱుముటకు ఆతడు చేవ్రాలు చేసెననుటయు ఆ పొంగులో మునిగిపోయెను.

కుటుంబ గ్రంథము వ్రాయువాడు ఆ పంక్తిని వదలిపెట్టి తక్కిన మరణశాసనమును అచ్చువేసినాడనుకొనుడు. వాడు తన సిగ్గును తాను దాచుకొనెను, అంతేకదా యని కొందఱందురు. అంతే కాదు. ఆ బాలిక పేరు మఱియెచ్చట నున్నది? 1850, 1860 బానిసల లెక్కలలో యజమాని పేరు క్రింద వయస్సు, స్త్రీపురుష భేదము, వర్ణము వేసిరి. పేళ్లు ఇంచుమించుగా లేవు. విముక్తులైనవారిలో అత్యధికుల పేళ్లు మొదటిసారి దేశపు లెక్కకెక్కినది 1870లో. అంతకు ముందు ఆమె సంతతివారు తమ ముత్తవను వెదకవలెనన్న, వెదకవలసినది యజమాని మరణశాసనములోను, వాని ఆస్తి జాబితాలోను, వాని క్రయపత్రములలోను, వాని ఇంటి బైబిలు వెనుక పుటలోను. ఈ కడపటివి నేటికిని పెక్కు ఇండ్ల పెట్టెలలోనే యున్నవి. కాబట్టి ఆ పంక్తి యజమాని మనుమని స్వంత సిగ్గు కాదు. మఱియొక కుటుంబమువారి ఏకైక వంశాధారము. దానిని దాచుట తన ఇంటి మురికిని దాచుట కాదు, పరుల సొత్తును రెండవసారి దాచుట. ఈ సంగతి తెలిసిన తరువాతనే మా పూర్వాభిప్రాయమును మేము వదలుకొన్నాము.

పెన్సిల్వేనియావారు 1780లో క్రమవిమోచన శాసనము చేసి, యజమానులు తమ బానిసల పేరు, వయస్సు నమోదు చేయింపవలెననియు, లేనిచో వారు స్వతంత్రులగుదురనియు విధించిరి. స్కాచ్-ఐరిష్ వారు దట్టముగా నున్న కంబర్లండు కౌంటీయందును అట్టి రిజిస్టరు కలదు. యజమాని తన హక్కును కాపాడుకొనుటకై చేయించిన వ్రాతయే నేడు బానిస మనుమనికి తన పూర్వుని చూపుచున్నది. అంతకంటె సూటియైన సాక్ష్యము నేడు లాలాజలమును పరీక్షించు డి.ఎన్.ఏ. పద్ధతివలన బయటపడుచున్నది: యజమాని సంతతియు, బానిస సంతతియు పెక్కుచోట్ల రక్తబంధువులు. అచ్చుపుస్తకములో త్రోసివేసిన చుట్టము గాజుగొట్టములో ఎదురగుచున్నాడు.

దాచుటకు పత్రమే లేనిచోట నేమి చేయవలెను? 1763 డిసెంబరు 14న పెన్సిల్వేనియాలోని పాక్స్‌టన్ ప్రాంతపు మనుష్యులు, అధికసంఖ్యాకులు అల్‌స్టరు ప్రెస్బిటీరియనులే, కానెస్టోగా అను చిన్న పల్లెమీద పడి అచ్చట దొరకిన ఆఱుగురు ఇండియనులను చంపిరి. ఆ ఇండియనులు విలియం పెన్ కాలమునుండి తెల్లవారితో సమాధానముగా నున్నవారు. మిగిలిన పదునలుగురను రక్షణకై లాంకాస్టరు పట్టణపు పనిశాలలో నుంచగా, డిసెంబరు 27న వచ్చి స్త్రీలను, పిల్లలనుకూడ అచ్చటనే వధించిరి. చంపబడినవారి పేళ్లు వ్రాసియుంచిన పట్టీ నేటికిని నిలిచియున్నది. చంపినవారిలో ఒక్కనినైనను విచారణకు తేలేదు; సాక్ష్యము చెప్పువారు లేకపోయిరి. నాయకులలో కొందఱి పేళ్లు తెలియును గాని, గుఱ్ఱములెక్కి వచ్చినవారి పూర్తి పట్టీ లేదు. ఆ యేండ్లలో ఆ ప్రాంతమున కాపురమున్న కుటుంబముల సంతతివాడు తన తాత ఆ గుంపులో నుండెనని చెప్పలేడు, లేడనియు చెప్పలేడు. సరిహద్దు ప్రజలు అంతకుముందు ఇండియనుల దాడులలో బిడ్డలను పోగొట్టుకొనిరనుట నిజమే. వారి కోపమునకు కారణము లేకపోలేదు. కాని కానెస్టోగావారు ఆ బిడ్డలను చంపినవారు కారు. అట్టి చోట గ్రంథకర్త చేయదగినది, ఆ సంవత్సరపు పుటలో తాత దున్నిన భూమితోపాటు ఆ రెండు తేదీలనుకూడ వ్రాయుట. తీర్పు చెప్పనక్కఱలేదు, తేదీలు చాలును.

మృతులు తమ పక్షమున వాదించుకొనలేరు, ఆనాటి ధర్మము వేఱు, మనుమలకు ఈ అవమానమేల యని ఆక్షేపించువారు కలరు. మృతులు మాటాడలేరనుట ఇరుపక్షములకును చెల్లును. ఆ బాలికయు మాటాడలేదు. ఆనాటి ధర్మము వేఱనుట సగము మాత్రమే నిజము: ఆ హత్యలను ఖండించుచు బెంజమిన్ ఫ్రాంక్లిన్ 1764లోనే ఒక చిన్న పొత్తమును ప్రకటించెను. ఇక అవమానమందురా, తాత 1718లో అర్జీమీద చేవ్రాలు చేసినందుకు మనుమడు గర్వపడవచ్చునన్నచో, తాత చేసిన మఱియొక చేవ్రాలునకు వానికేమియు సంబంధము లేదనుట కుదురదు. రెండును వదలుకొనిన వదలుకొనవచ్చును, ఒక్కదానినే పట్టుకొనరాదు. తాతల పాపములను చాటి తమ సద్గుణమును ప్రదర్శించుకొనువారును ఈ నడుమ కొందఱు కనబడుచున్నారు. అదియు గర్వమే, వేషము మార్చినది.

ఈ విషయమున మన యిండ్లలో నవ్వుటకు మనకు హక్కు లేదు. గోత్రము చెప్పి ఋషుల పేళ్లు వల్లించువారము, తర్పణమునకు కూర్చుండి మూడు తరముల పేళ్లు అడిగినపుడు ప్రపితామహి పేరువద్ద తడబడుచున్నాము. పురోహితుడు లోకాచారముగా ఏదో యొక పేరు చెప్పించి ముందునకు సాగును. ఆ యింటి పాలేరు పేరు, పాలేరు భార్య పేరు ఎవ్వరిని అడుగవలెనో తెలియదు. పాత మిరాసీ కాగితములు, కౌలు పత్రములు, అప్పు చీట్లు అటకమీద నున్నచో వానియందుండవచ్చును. వానిని చెదలకు విడుచుటకు ముందు ఒక్కసారి విప్పి, ఎవ్వరెవ్వరి పేళ్లున్నవో చూచి, ఆ పేళ్లవారి సంతతి ఊరిలో నున్నచో వారికి ప్రతి వ్రాసియిచ్చుట పెద్ద ఖర్చుతో కూడిన పని కాదు.

అమెరికాలో ఇట్టి పని ఇదివఱకే మొదలైనది. తమ ఇండ్లలోని క్రయపత్రములను, ఆస్తి జాబితాలను గ్రంథాలయములకు ఇచ్చినవారు కలరు. వానినుండి పేళ్లను ఎత్తివ్రాసి అకారాది క్రమమున కూర్చుచున్నవారును కలరు. చాక్లీ సంపుటములకు యజమానుల పేళ్ల సూచికలే చాలునని 1912 నాటి పాఠకులు తలచిరేమో. అసలు పుస్తకములు అగస్టా కౌంటీవారికి ఇప్పటికిని నిలిచియున్నవి. సంగ్రహమును చదివి తృప్తిపడక అసలును చూడబోయినవారికి, సంగ్రహకర్త అక్కఱలేదని దాటిపోయిన పంక్తులలో పేళ్లు దొరకుచున్నవి.